సాక్షి ముద్ద

రెండో సూర్యుడు పొడిచిన కాసేపటికి, తీర్పు మండపంలో, గంటలాయన భార్య సాక్షి ముద్దను కక్కేసింది.

అందరూ చూశారు. బల్ల మీద పరిచిన తెల్లగుడ్డ మీద నీలం మరక పడింది.

గంటలాయన అంటే గంటలు పోతపోసే మనిషి. మొన్న పొద్దున తన కొలిమి పక్కనే తల పగిలి పడి ఉన్నాడు. సుత్తి దొరికింది. దాన్ని ఎత్తిన చెయ్యి దొరకలేదు. అలాంటప్పుడు ఆ ఊళ్లో సాక్షి ముద్ద వండిస్తారు. పోయిన మనిషి తలవెంట్రుక ఒకటి మరిగే పాలలో వేస్తారు. పాలు నీలమవుతాయి. పిండి, తేనె కలిపి ముద్ద కడతారు. ఇంట్లోవాళ్లు తలా ఒకటి మింగాలి. అందరికీ అది తియ్యగా ఉంటుంది. చంపినవాళ్ల నోటికి మాత్రం చేదు. ఆ చేదును మింగినవాళ్లు ఇంతవరకూ లేరు.

ముద్ద వండేది ఊళ్లో ఒక్కడే, మిఠాయి మేస్త్రి. కొలత గిన్నె ముట్టడు. "నా నాలుకే నా త్రాసు" అంటాడు.

ఆ రోజు ముందుగా గంటలాయన తల్లి మింగింది. కళ్లలో నీళ్లు తిరిగాయి. ఏడుస్తోందనుకున్నారు.

"ఏంట్రా ఇది, తేనెపట్టు మొత్తం నోట్లో కుక్కినట్టుంది" అంది చిన్నకొడుకు చెవిలో. "బతికినన్నాళ్లూ కొలిమి మసి పాలలో పడుతోందని మీ అన్నయ్యను గోడ మీంచి తిట్టిపోశాడు ఆ మేస్త్రి. ఇప్పుడు చూడు, ప్రేమంతా కుమ్మరించాడు."

"మెల్లగా అమ్మా. ముద్దకు వంక పెట్టకూడదు."

పెట్టకూడదని ఎక్కడా రాసి లేదు. కానీ వంక పెట్టినవాళ్ల మీదకే అందరి కళ్లూ తిరుగుతాయి. అందుకని ఎవరూ పెట్టరు.

చిన్నకొడుకు తన ముద్ద నోట్లో వేసుకున్నాడు. గుటక మధ్యలో ఆగింది. పిడికిళ్లు బిగించి దింపాడు.

"బాగుంది" అన్నాడు, ఎవరూ అడక్కుండానే.

తర్వాత కోడలు. భర్త పోయినప్పటి నుంచి ఆమె మంచినీళ్లు తప్ప ఏమీ ముట్టలేదు. ముద్ద గొంతు దాకా వెళ్లి వెనక్కి వచ్చింది.

తీర్పరి లేచి నిలబడ్డాడు.

"చేదుగా ఉందా అమ్మా?"

"చేదు కాదండీ, తీపి. ఒట్టు. తీపి ఎక్కువై కడుపులో తిప్పింది. ఇంకొకటి ఇవ్వండి, మింగుతాను."

"తీపి తిని ఎవరైనా కక్కుకుంటారా?"

వెనక వరసలో ఎవరో నవ్వారు.

"మా అత్తయ్యను అడగండి. అత్తయ్యా, మీరు చెప్పండి. మీకూ వెగటుగా లేదూ?"

ముసలామె లేవబోయింది. "నా కోడలు అలాంటిది కాదయ్యా..."

"కోడలి సంగతి అడగలేదు. ముద్ద ఎలా ఉంది?"

చిన్నకొడుకు ఆమె మోచెయ్యి గట్టిగా పట్టుకున్నాడు. ఆమె ఆ చేతి వైపు చూసింది. ఇప్పుడు ఆమెకున్నది ఆ ఒక్క కొడుకే.

"బాగుంది" అంది. కూర్చుంది.

"నువ్వేమంటావు?"

"ఇందాకే చెప్పానుగదండీ. బాగుంది" అన్నాడు మరిది. వదిన వైపు చూడలేదు.

చివరి ప్రశ్న వండినవాణ్ణి అడగడం పద్ధతి. మిఠాయి మేస్త్రి గుమ్మం పక్కన చేతులు కట్టుకుని ఉన్నాడు.

"ముద్దలో లోపం ఏమైనా జరిగిందా?"

"ఇన్నేళ్లలో ఎప్పుడైనా జరిగిందా అండీ?"

"జరిగిందా, లేదా?"

"లేదు."

ఇంకో ముద్ద ఇచ్చే పద్ధతి లేదు. రెండో సూర్యుడు నడినెత్తికి రాకముందే ఆమెను ఊరి చివర సున్నపు బట్టీ దగ్గరికి నడిపించారు. దారిలో ఆమె ఎవరినీ తిట్టలేదు. పక్కన నడుస్తున్న కావలివాడితో ఒకటే మాట చెప్పింది.

"కిటికీ తెరిచి వచ్చాను అన్నా. వానొస్తే అత్తయ్య పక్క తడుస్తుంది. కాస్త చెప్పండి."

అతను తలూపాడు. బట్టీ అంచున నిలబెట్టి తోశారు.

సాయంత్రం ముద్ద వండిన గిన్నె తిరిగి ఇవ్వడానికి అదే కావలివాడు మిఠాయి మేస్త్రి ఇంటికి వెళ్లాడు. మేస్త్రి లేడు. వంటింటి గుమ్మానికి ఎదురుగా మంచంలో అతని తల్లి ఉంది. ఆమెకు మతి నిలకడ లేదు. ఊళ్లో సంగతులు ఆమెకు ఎవరూ చెప్పరు. మేస్త్రి మాత్రం వండుతున్నంతసేపూ ఆమెతో మాట్లాడుతూనే ఉంటాడు.

మంచం కింద ఖాళీ తేనె కూజాలు దొర్లుతున్నాయి.

"ఇన్ని కూజాలు ఖాళీ చేశారేంటి పెద్దమ్మా? పెళ్లివంట ఏమైనా ఒప్పుకున్నాడా మీవాడు?"

"పెళ్లా, పాడా" అంది ముసలామె. "మావాడి నాలుక పాడైపోయింది నాయనా, ఎవరికైనా చూపించాలి. నిన్న ఏవో నీలం పాలు పొయ్యి మీద పెట్టుకుని కూజా మీద కూజా పోస్తాడు, వేలు ముంచి నాకుతాడు, 'ఇంకా చేదుగానే ఉందే అమ్మా' అంటాడు."