తాళాల మేస్త్రి ఇల్లు

"అప్పట్లో ఈ తలుపు ఆకుపచ్చగా ఉండేది," అంది గుంపులో వెనకగా నించున్న పెద్దావిడ.

గైడు చెప్పేది మధ్యలో ఆపింది. పాతనగరంలో హత్యలు జరిగిన చోట్లన్నీ తిప్పి చూపించే రెండుగంటల నడకలో ఇది ఐదో మజిలీ, తాళాల మేస్త్రి ఇల్లు. రెండేళ్లుగా రోజూ చెప్పే కథే. అయినా ఈ గుమ్మం ముందుకొస్తే ఆమెకి కాళ్లు నిలవవు. మైకు ఈ చేతిలోంచి ఆ చేతిలోకి మార్చుకుంటూ, ఎప్పుడెప్పుడు ఇక్కణ్ణించి కదులుదామా అని చూస్తుంది.

"అయ్యుండొచ్చండి. ముప్పై ఐదేళ్ల నాటి మాట కదా," అని నవ్వేసి మళ్లీ అందుకుంది. "ఆ సాయంత్రం మొగుడూపెళ్లాల గొడవ వీధి వీధంతా విన్నది. తెల్లారేసరికి ఆవిడ లేదు. వంటగది గచ్చు మీద నెత్తురు. ఇరవై రోజులకి కాలవలో శవం తేలింది. మొహం పోల్చుకునే స్థితిలో లేదు. ఒంటిమీది కోటు చూసి ఆవిడేనని తేల్చారు. మేస్త్రి మాత్రం చివరిదాకా నేను చంపలేదనేవాడు. కానీ చంపేస్తానని అరవడం చెవులారా విన్నానని పక్కింటావిడ సాక్ష్యం చెప్పింది. యావజ్జీవం పడింది. శిక్షపడ్డ తొమ్మిదో ఏట జైల్లోనే పోయాడు."

"ఊరందరి తాళాలూ తీసినవాడు తన తాళం తీసుకోలేకపోయాడన్నమాట," అన్నాడు మెళ్లో కెమెరా వేలాడేసుకున్న లావుపాటాయన.

అందరూ నవ్వారు. గైడూ నవ్వింది. వారానికి రెండుసార్లైనా ఎవరో ఒకరు వేసే జోకే అది.

పెద్దావిడ మాత్రం నవ్వలేదు. "పిల్ల సంగతి చెప్పలేదేం?"

"ఏ పిల్లండీ?"

"వాళ్ల కూతురు. నాలుగేళ్లది. అప్పుడు లోపలి గదిలో నిద్రపోతోంది."

గైడు మైకు కిందికి దించింది. ఆఫీసువాళ్లిచ్చిన కాగితాల్లో పిల్ల గురించి ఒకే ఒక్క వాక్యం ఉంటే, మొదటిరోజే దాన్ని కొట్టేసింది. ఆ పిల్ల తనే మరి.

పిన్ని దగ్గర, పిన్నివాళ్ల ఇంటిపేరుతో పెరిగింది. పన్నెండేళ్లప్పుడు జైలునించి తండ్రి రాసిన ఉత్తరం వస్తే విప్పకుండానే పొయ్యిలో పడేసింది. ఈ ఉద్యోగానికి వచ్చినప్పుడు జాబితాలో ఆ ఇల్లు చూసి ముందు వెనక్కి తిరిగింది. మళ్లీ వచ్చి కసిగా ఆ ఉద్యోగమే పట్టుకుంది. అమ్మని పొట్టన పెట్టుకున్నవాడి సంగతి రోజూ పదిమందికీ చాటడమే అమ్మకి తను చేయగలిగిన పని అనుకుంది.

"రండి, ఆఖరి మజిలీ కాలవ వంతెన," అని గబగబా నడిచింది.

పెద్దావిడ ఆయాసపడుతూ పక్కకొచ్చి చేరింది. "కోటు చూసి మనిషిని ఎలా తేలుస్తారమ్మా? ఆ ఏడాది అలాంటి కోట్లు వీధికి పది ఉండేవి."

"కోర్టు నమ్మిందండీ."

"ఆ పిల్లని ఎవరైనా బాగా చూసుకున్నారంటావా?"

"నాకెలా తెలుస్తుంది?" గొంతు అనుకున్నదానికంటే కరుకుగా వచ్చింది.

తలుపు రంగు తెలుసు. పిల్ల ఏ గదిలో పడుకుందో తెలుసు. ఇంకెవరై ఉంటుంది? ఆ పక్కింటావిడే. ముప్పై ఐదేళ్ల తరవాత ఇప్పుడెందుకొచ్చినట్టు? చెప్పిన సాక్ష్యం అబద్ధమా? ఆ ఆలోచన రాగానే గైడు ఇంకా వేగంగా నడిచింది.

వంతెన మీద నాలుగు ముక్కల్లో నడక ముగించేసింది. చప్పట్లు కొట్టి, ఫోటోలు దిగి, ఒక్కొక్కరే వెళ్లిపోయారు. పెద్దావిడ మటుకు వంతెన కమ్మీలు పట్టుకుని నించుంది.

"నాతో దాగుడుమూతలొద్దండి," అంది గైడు దగ్గరికెళ్లి. "ఆ పిల్లని నేనే."

"తెలుసు. మీ పిన్నివాళ్ల ఇంటిపేరు పట్టుకుని వెతికాను. మూడ్రోజులుగా వీధి మలుపులో నించుని చూసి వెళ్లిపోతున్నాను. నోరు పెగల్లేదు."

"అయితే ఒక్కటి చెప్పండి. మా నాన్న చంపేస్తానని అనడం నిజంగా విన్నారా?"

"విన్నాను. అన్నాడు. పీట తీసి తల మీద కొట్టాడు కూడా. గచ్చు మీద నెత్తురు ఆ దెబ్బదే."

గైడు కమ్మీలకి చేరగిలబడింది. గుండె మీది బండ దిగినట్టయింది. "చాలండి. ఆ ఇంటిముందు నించున్నప్పుడల్లా ఎక్కడో పీకుతుండేది, ఆయన చెప్పిందే నిజమేమోనని. విప్పని ఉత్తరం కళ్లముందు ఆడేది. ఇక నిద్రపడుతుంది."

పెద్దావిడ కళ్లు వాల్చేసింది. "చాలదమ్మా. కేసు నడిచినన్నాళ్లూ నేను ఈ దేశంలోనే లేను. నాకు కబురు తెలిసేసరికి ఆయన పోయాడు. అప్పుడైనా వచ్చి చెప్పాల్సింది. నీ మొహం చూసే ధైర్యం లేకపోయింది."

"దేశంలో లేరా? మరి కోర్టులో సాక్ష్యం?"

"చెప్పింది పక్కింటావిడ. ఆవిడ పోయి చాలా ఏళ్లయింది."

"మరి మీరెవరు?"

పెద్దావిడ గైడు చెంప తడమబోయి, చెయ్యి మధ్యలోనే వెనక్కి తీసుకుంది.

"నన్నెవరూ చంపలేదమ్మా."