మువ్వల టోపీ

హోటల్‌కు వచ్చిన కుర్రాడొకడు సాయిలును అమాంతం చంకలో ఎత్తుకున్నాడు. మువ్వల టోపీ జారి కింద పడింది. స్నేహితులు సెల్ఫీ తీసుకున్నారు. సాయిలు నవ్వాడు. కిందికి దించగానే టోపీ ఏరుకుని, నడుం వంచి, వాళ్లను లోపలికి పంపాడు.

మాదాపూర్‌లో ఐటీ ఆఫీసుల వెనక సందులో ఉందా హోటల్. లోపలంతా ఐదువందల ఏళ్ల కిందటి ఇటలీ రాజదర్బారు. మధ్యలో సింహాసనం, దాని మీద కిరీటంతో రాజేందర్. ఆరడుగుల మనిషి, మెలితిప్పిన మీసం. గుమ్మం దగ్గర విదూషకుడు సాయిలు. నిలబడితే అతని తల కౌంటర్ అంచుకు అందదు. చుట్టుపక్కల బిర్యానీకి కొదవ లేదు; ఇక్కడికి గిరాకీ వచ్చేది ఈ దర్బారు కోసమే.

నిచ్చెన మీది నుంచి ప్రవళిక ఇదంతా చూస్తోంది. సింహాసనం వెనక గోడకు బొమ్మ వేయడానికి వచ్చిన చిత్రకారిణి ఆమె. ఏ బొమ్మ కావాలో చెప్పి, నమూనా ఫోన్‌కు పంపింది సాయిలే. రాజేందర్ ఎవరితోనూ పెద్దగా మాట్లాడడు. నమూనాలో రాజు కూర్చున్నాడు. కాళ్ల దగ్గర వేటకుక్క. కుక్క పక్కన పొట్టి విదూషకుడు. మనిషికీ కుక్కకీ మెడలో ఒకే రకం పట్టీ.

“ఆ కుక్క పక్కకు నన్నే దించు బిడ్డా,” అన్నాడు సాయిలు కింద నుంచి. “కుక్కను జర మంచిగ ఎయ్యి. జనం దాన్నే సూస్తరు.”

ఆమెకు నవ్వు రాలేదు.

సాయిలు సింహాసనం వైపు తిరిగి గొంతు పెంచాడు. “మా రాజుకు కిరీటం బరువెక్కువ, బుర్ర బరువు తక్కువ! గందుకే ఒక్క దిక్కు ఒరుగుతడు!”

హాలంతా నవ్వింది. పాతకాలం దర్బారుల్లోనూ రాజును మొహం మీద వెక్కిరించే హక్కు విదూషకుడికే ఉండేదట. ఆ ఒక్క హక్కుకు బదులుగా మిగతావన్నీ వదులుకోవాలి. ప్రవళికకు ఆ బేరం నచ్చలేదు.

మధ్యాహ్నం రద్దీ తగ్గాక రాజేందర్ దగ్గరికి వెళ్లింది.

“సాయిలు గారిని ఎవరు పడితే వాళ్లు ఎత్తుకుంటున్నారండి. మీరు చూస్తూ కూర్చుంటే ఎలా సార్?”

రాజేందర్ కిరీటం సర్దుకున్నాడు. “నన్నేం జెయ్యమంటవమ్మా?”

“ఈ వేషం మానేయమని చెప్పండి.”

“గాయన ఇనడు.” చూపు తిప్పుకున్నాడు. “నీ బొమ్మ నువ్వు ఎయ్యమ్మా. నన్ను పరేషాన్ జెయ్యకు.”

రాతిగుండె మనిషి అనుకుందామె.

ఆ తర్వాత గోడకు తెర కట్టి పని చేసింది. ఎవరినీ చూడనివ్వలేదు. ఒకటే భయం పీడించింది. తాను వేస్తున్నది చూసి రాజేందర్ సాయిలును పనిలోంచి తీసేస్తే? ఆ మనిషికి ఈ ఊళ్లో ఇంకెవరు పని ఇస్తారు? వేసింది చెరిపేసింది. మళ్లీ వేసింది.

శనివారం, హోటల్ తెరవకముందే తెర లాగింది.

గోడ మీద సింహాసనంలో సాయిలు కూర్చున్నాడు. వెల్వెట్ అంగీ, కిరీటం, ఎవరికీ వంగని మెడ. కింద వేటకుక్క పక్కన, మువ్వల టోపీ పెట్టుకుని, రాజేందర్.

రాజేందర్ ముఖం పాలిపోయింది.

సాయిలు గోడ దగ్గరికి వచ్చాడు. చెయ్యి చాచి బొమ్మలోని తన పాదాన్ని తాకాడు. వేలికి తడి రంగు అంటింది.

“సెరిపెయ్యి బిడ్డా.”

“భయపడకండి బాబాయ్. మిమ్మల్ని తీసేస్తే నేను ఊరుకోను. ఆ కుర్చీలో కూర్చోవడానికి మీకేం తక్కువ?”

సాయిలు టోపీ తీసి చేతిలో పట్టుకున్నాడు.

“ఈ హోటల్ వెట్టిన కొత్తల గా కుర్చీల నేనే గూసున్న బిడ్డా, వచ్చినోళ్లు నన్ను జూసి గడప కాన్నే నవ్వుకుంట మర్లిపోయిండ్రు, గందుకే రాజేందర్‌ను జీతానికి వెట్టుకొని గాడ కూసోవెట్టిన.”