రోడ్డు దండం పెట్టిన గుట్ట

"ఈ వంపు తీసేస్తున్నామండీ. గుట్టను మధ్యకు కోసి రోడ్డు తిన్నగా వేస్తాం."

ఆ మాట వినగానే సారవ్వ చేతిలోని మిర్చి, నూనెలో పడాల్సింది పొయ్యిలో పడింది.

చెప్పినవాడు పృథ్వీరాజ్. రోడ్డు సర్వేకు వచ్చిన కుర్ర ఇంజనీరు. జీపు దిగి, చాయ్ చెప్పి, బల్ల మీద పటం పరిచాడు. భీమవరం పక్క పల్లె అట. ఆ వైపు కనుచూపు మేర చేపల చెరువులే. ఎత్తుగా కనబడేది కొబ్బరి చెట్టొక్కటే. ఈ ప్రాంతానికి వచ్చి ఇంకా రెండు రోజులు కూడా కాలేదు.

అదో స్టేట్ హైవే. పేరు పెద్దదే గానీ మొత్తం కలిపి ఇరవై కిలోమీటర్లుండదు. బసంత్‌నగర్ వైపు నుంచి సిమెంటు లారీలు, గనుల వైపు నుంచి బొగ్గు లారీలు వస్తాయి. ఒకప్పుడు ఎడ్లబండ్ల బాట. తర్వాత కంకర పడింది, తారు పడింది, నంబరు పడింది. పొలాల మధ్య గీత గీసినట్టు వచ్చే రోడ్డు ఈ గుట్ట దగ్గర మాత్రం కొడవలిలా వంగి చుట్టూ తిరిగిపోతుంది.

ఆ వంపులోనే సారవ్వ హోటలు. మొగుడు పోశం గని నుంచి రిటైరయ్యాక ఇద్దరూ కలిసి పెట్టుకున్నారు. వంపు దగ్గర లారీలు నెమ్మదిస్తాయి. నెమ్మదించిన డ్రైవరు ముక్కుకు మిర్చి వాసన తగులుతుంది. అంతే వ్యాపారం. రోడ్డు తిన్నగా పోతే లారీలు అటే పోతాయి, ఇక్కడ ఈగలు మిగులుతాయి.

ఏదో ఒకటి చెయ్యమన్నట్టు సారవ్వ మొగుడి వైపు చూసింది.

పోశం భుజం మీది తువ్వాల తీసి నడుముకు చుట్టాడు. గుట్టకేసి తిరిగి దండం పెట్టాడు.

"గుట్టను కోస్తరా సారూ? మీకు పెండ్లయిందా?"

"ఇంకా లేదండీ. ఏం?"

"గదే మంచిదాయె. ఎనుక ఏడ్చెటోళ్లు తక్కువ."

పృథ్వీరాజ్ చాయ్ గ్లాసు కింద పెట్టేశాడు.

"ఇది ఉత్త గుట్ట గాదు సారూ, భీముని పొయ్యి. వనవాసంల పాండవులకు వంట ఈడ్నే. మెట్లు మెట్లు కనబడ్తున్నయా? భీముడు కాలువెట్టి ఎక్కిన జాగలు. పైన జూడుండ్రి, పీట లెక్క సాపు. తిని ఆడ్నే ఒరిగిండు. బరువు తక్కువ మనిషా?"

సారవ్వ నోటికి కొంగు అడ్డం పెట్టుకుంది. ఈ కథ ఆమె కూడా ఇప్పుడే వింటోంది.

"మరి ఆ చెట్లు? వరసగా ఉన్నాయి?"

"నకులుడు, సహదేవుడు నాటిండ్రు. పనిమంతులు."

"ఆ నల్ల రాళ్లు?"

"పొయ్యిల బొగ్గులు."

"రోడ్డు?"

"రోడ్డు తిన్నగనే ఉండె సారూ. గుట్ట కాడ దండం వెట్టి పక్కకు జరిగింది. మా ఆమె నడుగుండ్రి."

"అవు సారూ, రోడ్డే జరిగింది" అంది సారవ్వ. ఆ ఒక్క ముక్క నిజమే గనుక ఆమె నోరు తడబడలేదు.

పృథ్వీరాజ్ పటం మీదికి వంగాడు. వేలితో ఒక గీత వెంట పోయి ఆగాడు.

"అదే అర్థం కావట్లేదండీ. ఈ పాత పటంలో రోడ్డు తిన్నగా ఉంది. అసలు గుట్టే లేదు."

పోశం గుట్టకేసి మరోసారి దండం పెట్టాడు.

"దేవుని గుట్ట పటంల కనబడ్తదా సారూ?" అన్నాడు. "గీద్దామంటే పెన్ను ఇరిగిందట."

"విరిగితే ఇంకోటి తెచ్చుకుంటారు కదండీ."

పోశం చాయ్ గ్లాసు తీసి కడగబోయాడు. హోటలు పోయినట్టే అనుకుంది సారవ్వ. రేపటి మిర్చికి పిండి కలపాలా వద్దా అని కూడా అనుకుంది.

అప్పుడే గుట్ట నడుములోంచి సన్నగా తెల్లటి పొగ లేచింది. పొద్దున వాన పడింది. వాన పడి వెలిసినప్పుడల్లా లేచే పొగే అది.

పృథ్వీరాజ్ నోరు తెరుచుకుంది. "పొగ! అక్కడెవరున్నారండీ?"

"ఎవలుంటరు బిడ్డా" అంది సారవ్వ, మొగుడి కంటే ముందే. "పొయ్యి ఇంకా ఆరలే."

పృథ్వీరాజ్ బూట్లు విప్పాడు. బురదలో ఉత్త కాళ్లతో గుట్ట మొదలు దాకా నడిచి, వంగి చిటికెడు మట్టి తీసి నుదుటికి పెట్టుకున్నాడు. తిరిగొచ్చి పటం మీద గుట్ట ఉండాల్సిన చోట "ముట్టుకోరాదు" అని రాశాడు. పైవాళ్లకు తాను నచ్చజెబుతానన్నాడు. మిర్చి పొట్లం కట్టించుకున్నాడు.

"ఈ గుట్ట గురించి ఇంత తెలిసిన మనిషి దొరకడం నా అదృష్టమండీ" అని, పోశం వద్దంటున్నా వినకుండా కాళ్లకు దండం పెట్టి మరీ వెళ్లాడు.

జీపు వంపు తిరిగి కనబడకుండా పోయింది. పోశం ఇంకా ఆ గంభీరమైన మొహం దించలేదు. అటే చూస్తూ నిలబడ్డాడు.

సారవ్వ చేతిలోని జల్లిగంటె పక్కన పడేసి, కండ్లలో నీళ్లు తిరిగేలా నవ్వింది.

"ఇగ చాలు గని లోపటికి రా బక్క భీమా, సర్వీసంత ఓపెన్‌కాస్టు గనిల డంపరు తోలి, బొగ్గు మీది మట్టి తీస్కచ్చి తీస్కచ్చి ఈడ గుట్ట వోసింది నువ్వే గదయ్యా!"