మంద నెమరు ఆపిన రాత్రి

ఉదయగిరి కొండ కింద మా చేలో గొర్రెల మంద కట్టి, నేనూ మనవరాలు గోపికా కాపలా పడుకున్నాం. ఆ సాయంత్రం పుట్టిన పిల్లను తల్లిగొర్రె దగ్గరికి రానివ్వడం లేదు. రుచికైనా నాకుతుందని పిల్ల ఒంటికి ఉప్పు రాసినా తల్లి నాకలేదు. పాలు తాగకపోతే అది తెల్లారేసరికి చచ్చిపోతుంది.

దిగులు మరవాలని, టార్చిలైటు వెలుగులో గోపిక పుస్తకంలోని చిన్నారి మంత్రగత్తె కథ కూడబలుక్కుంటూ చదివాను.

"నువ్వు చదివేలోపల ఆ మంత్రగత్తె పిల్ల ముసిల్దైపోతాది అవ్వా," అని నవ్వింది గోపిక. "గొర్రెలకు మంత్రం ఏస్తాదా?"

"చీపురెక్కి తిరిగేదానికి గొర్రెలెందుకే? పడుకో."

గోపిక లేచి వెళ్ళి, తల్లిగొర్రె చెవిలో ఏదో చెప్పింది.

మంద మొత్తం నెమరు ఆపి లేచి నిలబడింది. గొర్రెల మధ్యే బతికినదాన్ని, అంత నిశ్శబ్దం ఎప్పుడూ వినలేదు. తల్లిగొర్రె వంగి పిల్లను నాకింది. పిల్ల పొదుగు అందుకుంది.

"ఏం చెప్పినావే?"

"నాకు తెలీదవ్వా. దానికి అర్థమైనట్టుండాది."

అప్పుడు గొర్రెలన్నీ ముందుకాళ్ళు మడిచాయి. పడుకునేటప్పుడు గొర్రె మొదట అలాగే మోకరిస్తుంది, వెంటనే వెనక కాళ్ళు మడుస్తుంది. ఇవి మడవలేదు. గోపిక వైపు తిరిగి అలాగే ఉండిపోయాయి.