రెండో సాక్షి

కిరాయి కాగితం మీద రెండో సాక్షి సంతకం కావలసి వచ్చింది.

నాంపల్లి కోర్టు ముందు అదేమంత పని కాదు. టైపింగ్ బల్ల పక్కన చాయ్ తాగుతున్న ముసలాయనను ఇంటి ఓనర్ సురేందర్ పిలిచి, చేతికి పెన్నిచ్చాడు.

ముసలాయన సంతకం పెట్టలేదు. కాగితం చదవడం మొదలుపెట్టాడు.

ఇల్లు తీసుకుంటున్న జమునకు చిర్రెత్తుకొచ్చింది. ఆబిడ్స్‌లో తను పనిచేసే బట్టల షాపుకు అప్పటికే గంట ఆలస్యం. ఈయన చాదస్తానికి ఓనర్ మనసు మారితే, కూతురితో ఏ వీధిన పడాలి?

"ఓనర్ ఎప్పుడంటె అప్పుడు ఖాళీ చేయాల్నని ఉన్నది. రెండు నెలల ముందు చెప్పాలె, అందాక నీళ్లు, కరెంటు బంద్ చేయొద్దు. గట్ల రాస్తెనే సంతకం," అన్నాడాయన.

ఉన్న మాటంటే ఉలుకెక్కువ. సురేందర్ మొహం ముడుచుకున్నాడు.

"తాతా, నా లొల్లి నీకెందుకు? పెడితె పెట్టు, లేకుంటె పో," అంది జమున.

ఆయన పోలేదు. ఇల్లు మూడు నెలలుగా ఖాళీగా ఉంది కాబట్టి సురేందరే దిగివచ్చాడు. టైపిస్టు దుర్గేష్ ఆ మాటలు కాగితంలో టైపు చేశాడు. బాలకిషన్ అని సంతకం చేసి ముసలాయన వెళ్లిపోయాడు. జమున మొహం తిప్పుకుంది.

ఎనిమిది నెలలు గడిచాయి. కూతురి ఇంటర్ పరీక్షలు వారం ఉన్నాయనగా, ఆదివారంలోగా ఇల్లు ఖాళీ చేయమన్నాడు సురేందర్. ఆమె వినకపోతే నీళ్ల మోటారు ఆపేశాడు. తల్లీకూతుళ్లు రెండు రోజులు పక్కింటి నుంచి బిందెలు మోశారు. మూడో రోజు అతను వకీలును వెంటబెట్టుకుని వచ్చాడు.

వకీలు కాగితమంతా చదివాడు. ముందు వెళ్లి మోటారు వేయమని సురేందర్‌కే చెప్పాడు.

నల్లాలో నీళ్ల చప్పుడు వినగానే జమునకు ప్రాణం లేచొచ్చింది. అమ్మాయి అదే ఇంటి నుంచి వెళ్లి పరీక్షలన్నీ రాసింది.

ఆఖరి పరీక్ష నాడు జమున మిఠాయి డబ్బా పట్టుకుని నాంపల్లి వెళ్లింది. బాలకిషన్ చలికాలంలోనే చనిపోయాడని దుర్గేష్ చెప్పాడు. పదేళ్లపాటు రోజూ వచ్చి, సంతకానికి పిలిచిన వాళ్ల కాగితాలన్నీ అలాగే చదివేవాడట.

జమునకు ఏడుపు ఆగలేదు.

"పాపం, ఏ ఓనర్ చేతిలనో గోస పడ్డట్టున్నడు. లేకుంటె కిరాయిదార్ల బాధ గంతగనం ఎట్ల తెలుస్తది?"

దుర్గేష్ తల అడ్డంగా ఊపాడు.

"ఆయన ఎన్నడూ కిరాయికి ఉండలేదమ్మా. హిమాయత్‌నగర్‌ల సొంతిల్లు. ఎప్పుడంటె అప్పుడని కాగితం రాయించుకొని, బాలింత ఉన్న పోర్షన్‌కు నీళ్లు బంద్ చేసి, ఒక్క దినంల బయటికి పంపిన ఓనర్ ఆయన."