అరవై అడుగులు

"బాగున్నారా మాస్టారూ?"

ఆ గొంతు వినగానే టైలర్ కాలు మిషను తొక్కడం మానేసింది. గుమ్మంలో నిలబడ్డవాణ్ణి మరిచిపోవడం ఆయన తరమా? ఎదురు గోడౌను గేటు దగ్గర ఓనర్ని పొడిచి పారిపోయింది ఇతనేనని కోర్టులో వేలెత్తి చూపించింది ఆయనే. ఆ ఒక్క సాక్ష్యంతోనే యావజ్జీవం పడింది. ఆరేళ్ళ తర్వాత, నిన్న, పైకోర్టు ఆ శిక్షను కొట్టేసింది.

పొద్దున్నే పేపర్లో ఆ వార్త చూసి భార్య మొత్తుకుంది, ఇవాళ కొట్టు తియ్యొద్దని. స్కూలు యూనిఫారాలు రేపటికివ్వాలంటూ వినకుండా వచ్చేశాడు పెద్దమనిషి. ఇప్పుడు పై ప్రాణాలు పైనే పోతున్నాయి.

"బాబూ... నాకు పెళ్ళాం పిల్లలున్నారు..."

"నాకూ ఉండేవాళ్ళు." అతను లోపలికొచ్చి కత్తిరింపు బల్లకు ఆనుకుని నిలబడ్డాడు. బల్ల మీద కత్తెర ఉంది. టైలర్ చూపు దాని మీదే ఉంది.

"కావాలని చెప్పలేదు బాబూ. ఒట్టు! నా కంటికి నువ్వే అనిపించావు."

"మీరు అబద్ధమాడారని జడ్జిగారు కూడా అనలేదులెండి. అరవై అడుగుల దూరం. సాయంత్రం మసక వెలుతురు. కుట్టుపని మీద వంచిన తల ఠక్కున ఎత్తి చూస్తే మొహం ఆనవాలు పట్టడం కష్టం, పొరబడి ఉంటాడు అన్నారు."

"పొరబడ్డాను బాబూ! ముమ్మాటికీ పొరబడ్డాను!" టైలర్ అతని కాళ్ళ మీద పడబోయాడు. ఏ పాపం ఎరగనివాణ్ణి ఆరేళ్ళు జైల్లో కుక్కించానా అని, అంత భయంలోనూ ఆయనకు ఏడుపు ముంచుకొచ్చింది.

అతను భుజాలు పట్టి లేపాడు. "అయ్యో, ఊరుకోండి. నాకో ఉపకారం చేసి పెట్టండి చాలు. సరిగ్గా ఆ వేళే అయింది. మీరెళ్ళి ఆ గేటు దగ్గర నిలబడండి. నేను మీ మిషను దగ్గర కూర్చుని చూస్తాను. జైల్లో ఆరేళ్ళూ ఇదే ఆలోచన. ఒక్కసారి చూసుకుంటే మనసు కుదుటపడుతుంది."

టైలర్ రోడ్డు దాటాడు. అటునుంచి అటే పారిపోదామా అనిపించింది. ఇంత అన్యాయం చేసి పారిపోతే మనిషినేనా అని కూడా అనిపించింది. గేటు ఊచ పట్టుకుని నిలబడ్డాడు. కొట్లో అతను బట్ట మీదికి తల వంచాడు. కాసేపటికి ఠక్కున ఎత్తాడు. రమ్మన్నట్టు చెయ్యి ఊపాడు.

టైలర్ దాదాపు పరుగెత్తుకుంటూ వచ్చాడు. "కనపడలేదు కదూ బాబూ? ఏమీ కనపడలేదు కదూ?"

అతను నెమ్మదిగా లేచి, టైలర్‌ని పక్కకి తప్పించి, షట్టరు కిందికంటా లాగేశాడు.

"మీ గడ్డం మీది పుట్టుమచ్చతో సహా కనపడింది. మీరేం పొరబడలేదు మాస్టారూ."