మసక మనుషులు

"మా అమ్మ రోడ్డు మీద పడి ఉంటే పదకొండు నిమిషాలు సినిమా తీస్తావా? మనిషివేనా నువ్వు?"

ఎడిటింగ్ గది తలుపు దఢాలున గోడకు కొట్టుకుంది. దర్శకురాలు కుర్చీలోంచి లేచేలోపే ఓ మెడికల్ రెప్ మీదికొచ్చి నిలబడ్డాడు. వాళ్ళమ్మకు వడదెబ్బ. పదిహేను రోజులుగా ఐసీయూలో ఉంది, ఇంకా కళ్ళు తెరవలేదు.

"నెట్‌లో పెట్టిన ముక్క మా పక్కింటావిడ చూపించింది. చేతిలో సంచి చూసి అమ్మని గుర్తుపట్టాం!"

"సార్, నేనక్కడ లేను. వేసవిలో ఒక వీధి ఎలా ఉంటుందో అదే నా సినిమా. కథ లేదు, నటులు లేరు. స్టాండు మీద కెమెరా పెట్టి వదిలేస్తాను. ఆ మధ్యాహ్నం భోజనానికి వెళ్ళాను. సాయంత్రం వచ్చి చూసేదాకా నాకేం తెలీదు."

"సరే, నువ్వు లేవు. ఆ దారిన పోయినవాళ్ళో? వీధులూడ్చే ఆవిడ వచ్చి ఎత్తేదాకా ఒక్కడికీ చెయ్యి రాలేదే! వాళ్ళందరికీ తలనుంచి కాళ్ళదాకా మసక కొట్టావేం? నీ చుట్టాలా?"

"ఎవర్నీ రచ్చకెక్కించడం నా పని కాదు సార్."

"నా పని అదే! తియ్ ఆ మసక. ఒక్కొక్కళ్ళ మొహం ఊరంతా చూడాలి."

ఆమె అతని ముఖంలోకి ఓ క్షణం చూసింది. "వద్దు సార్. నా మాట వినండి."

"తియ్యకపోతే పోలీసులతో తీయిస్తా!"

ఆమె కూర్చుని మౌస్ అందుకుంది. తెరమీద ముఖమంతా తువ్వాలు చుట్టుకున్న ముసలామె గోడపక్కన ఒరిగి ఉంది. మొదటి మసక వీడింది. గొడుగు వేసుకున్న ఓ టీచరమ్మ పక్కకు తప్పుకుని పోయింది.

"పిల్లలకి నీతులు చెప్పేది ఈవిడేనా!"

రెండోది వీడింది. చల్లటి నీళ్ళ సీసా ఎత్తి తాగుతూ ఓ లావుపాటాయన.

"ఆ నీళ్ళు గొంతు దిగాయా నీకు?"

మూడో ఆకారం ఫోన్ చెవికి ఆనించుకుని వచ్చింది. క్షణం ఆగింది. చుట్టూ తిరిగే ఓపిక లేక, పడివున్నామె కాళ్ళను దాటుకుంటూ పోయింది.

రెప్ ఊగిపోయాడు. "దాటాడు! మా అమ్మని దాటి పోయాడు! వీడే కావాలి నాకు. ఇలాంటి పశువుని ఏ తల్లి కన్నదో!"

"ఇదొక్కటీ వద్దు సార్," దర్శకురాలు మౌస్ మీంచి చెయ్యి తీసేసింది.

అతను మౌస్ లాక్కుని తనే నొక్కాడు.

తెరమీద, ఫోన్‌లో నవ్వుతూ, భుజాన బ్యాగు సర్దుకుంటూ అతనే!